‘యాన్యులస్’: వలయాన్ని తెలిపే పదం

వృక్షశాస్త్ర, శిలీంధ్రశాస్త్ర పాఠాలలో తరచుగా ఎదురయ్యే ‘యాన్యులస్’ అనే పదానికి వలయం, ఉంగరం అని అర్థం. లాటిన్‌లో దీనికి ఒకే నకారం గల ‘అనులస్’ అనే రూపం ఉంది. వేలి ఉంగరానికీ అదే పేరు. నకారం రెట్టించిన రూపం శాస్త్ర పరిభాషలో స్థిరపడటంతో, సంవత్సరమనే అర్థం గల ‘అన్నస్’తో ఇది కలగాపులగమవుతున్నది. మిరప శాస్త్రనామమైన క్యాప్సికమ్ యాన్యుయమ్‌లో ఉన్నది ఏకవార్షికమనే భావమే గాని వలయం కాదు. అనుకూల వాతావరణంలో మిరప ఏడాదికి మించి బతకగలదన్నది వేరే విషయం. వానపాములు చేరిన అనెలిడా వర్గం పేరుకు మాత్రం మూలం ఉంగరమే.

ఈ పదం ప్రాణాలతో ముడిపడేది పుట్టగొడుగుల గుర్తింపులో. లేత దశలో మొప్పలను కప్పి ఉంచిన పలుచని పొర, గొడుగు విచ్చుకొన్నప్పుడు చినిగి కాడ చుట్టూ మిగిలితే దానిని యాన్యులస్ అంటారు. బటన్ పుట్టగొడుగుకు ఈ వలయం ఉంటుంది, కాడ అడుగున సంచి ఉండదు. వరిగడ్డి పుట్టగొడుగుకు సంచి ఉంటుంది, వలయం ఉండదు. ప్రాణాంతకమైన అమానిటా ఫాల్లాయిడిస్‌కు రెండూ ఉంటాయి. అయితే వలయం సున్నితమైనది. వానకో, చేతి తాకిడికో ఊడిపోవచ్చు. సంచి నేలలోనే తెగి ఉండిపోవచ్చు. అందువల్ల ఇవి కనిపించనంత మాత్రాన అడవి పుట్టగొడుగును తినదగినదిగా నిర్ణయించరాదు.