పగలు బ్యాంకు, రాత్రి నాటకం

మొన్న ఒకనాటి సాయంకాలం చిక్కడపల్లి త్యాగరాయ గానసభలో నాటకం చూసి అశోక్‌నగర్ మీదుగా ఇంటికి నడిచి వస్తున్నాను. సెంట్రల్ లైబ్రరీ దగ్గర పోటీపరీక్షలకు చదివే కుర్రాళ్లు నలుగురు టీ తాగుతూ, ఒక ఫోను చుట్టూ మూగి పగలబడి నవ్వుతున్నారు. నేనూ తొంగిచూశాను. వేలాడగట్టిన కోడి వంక చూస్తూ వట్టి అన్నం ముద్దలు మింగుతున్నాడు పిసినారి లక్ష్మీపతి! 1987లో జంధ్యాల గారు తీసిన 'అహ నా పెళ్ళంట'. ఆ కుర్రాళ్లు పుట్టకముందు వచ్చిన చిత్రం.

"కోట శ్రీనివాసరావు గారు మన దిక్కు మనిషే కద, సార్?" అన్నాడొక అబ్బాయి. 'ప్రతిఘటన'లో మంత్రి కాసయ్య మాటలు విన్నాడట.

"కాదు నాయనా, కృష్ణాజిల్లా కంకిపాడు" అన్నాను. అతడు నమ్మలేదు. ఏ నటుడికైనా అంతకు మించిన బిరుదు ఏముంటుంది?

1942 జూలై 10న ఒక డాక్టరు గారింట పుట్టారు కోట. తానూ డాక్టరు కావాలనుకున్నారు, కాలేదు. స్టేట్ బ్యాంకులో ఉద్యోగం దొరికింది. నాటకాల పిచ్చి మాత్రం వదలలేదు. మా నారాయణగూడ, చిక్కడపల్లి పేటల్లో ఇటువంటి వారిని ఎరగని వీధి లేదు. ఆఫీసు నుంచి రాగానే నిలబడే కాఫీ తాగి, రిహార్సలుకు పరుగెత్తేవారు. "ఆ వేషాలు కూడు పెడతాయా?" అని ఇల్లాలు దెప్పని రోజుండదు.

కోటగారి విషయంలో కూడు పెట్టింది చాలాకాలం బ్యాంకే. సి.ఎస్. రావు గారి 'ప్రాణం ఖరీదు' నాటకాన్ని నిర్మాత క్రాంతికుమార్ 1978లో చిత్రంగా తీశారు. చిరంజీవి గారి తొలి విడుదల చిత్రం కూడా అదే. నాటకంలో వేసిన కోటగారికి అందులో ఒక చిన్న వేషం దొరికింది. అప్పటికి ఆయన వయస్సు ముప్పయ్యారు. తెరమీద బొమ్మ పడిందని మర్నాడే రాజీనామా రాసివ్వలేదు. నలభై దాటాక, 1985లో టి. కృష్ణ గారి 'ప్రతిఘటన' వచ్చింది. కాసయ్యను చూశాకే జనం ఈ మనిషిని పేరు పెట్టి పిలిచారు.

ఒక మాట దాచకూడదు. ఆ రోజుల్లో మన చిత్రాలు తెలంగాణ మాటను దుర్మార్గులకూ, హాస్యగాళ్లకూ అంటగట్టాయని ఇక్కడివారికి బాధ. అది న్యాయమైన బాధే. కాని ఆ తప్పు కథలు రాసి తీసినవారిది. నటుడు మాత్రం ఆ యాసను వెక్కిరించినట్టు పలకలేదు. పుట్టినప్పటి నుంచీ మాట్లాడుతున్నట్టు పలికాడు. ఆ అబ్బాయి పొరపడటమే అందుకు సాక్ష్యం.

ఆ తరువాత ఏ వేషం వదిలారు? 1993లో 'గాయం'లో రాజకీయ నాయకుడు, 1998లో 'గణేష్'లో కడుపు రగిలించే మంత్రి, 2004లో 'ఆ నలుగురు'లో వడ్డీవ్యాపారి కోటయ్య. తమిళంలో 'సామి', హిందీలో 'సర్కార్'. మొత్తం ఏడు వందల పైచిలుకు చిత్రాలు. నంది బహుమతులు తొమ్మిది. నడుమ 1999లో విజయవాడ తూర్పు నుంచి శాసనసభకు ఎన్నికయ్యారు. 2015లో పద్మశ్రీ వచ్చింది. 83వ పుట్టినరోజు వెళ్లిన మూడోనాడు, 2025 జూలై 13న హైదరాబాదులోనే కన్నుమూశారు.

ఇంత చెప్పాక ఆ అబ్బాయి నెమ్మదిగా అన్నాడు: "నాకు గూడ నాటకాలంటే పాణం, సార్. నౌకరొచ్చినంక సూద్దాం అంటున్రు ఇంట్ల."

నాకేం చెప్పాలో తోచలేదు. వాళ్ల నాన్న ఏ పొలం తాకట్టుపెట్టి ఇక్కడ చదివిస్తున్నాడో! బ్యాంకు జీతం విలువ తెలిసిన కుటుంబంలోనే నేనూ పెరిగాను.

"ఇంట్లోవాళ్లు తప్పేమీ అనలేదు బాబూ. ఉద్యోగం తెచ్చుకో. కాని 'చూద్దాం' అన్నారే, ఆ మాట వాళ్లు మరిచినా నువ్వు మరవకు. కోటగారు బ్యాంకులో ఉన్నన్నాళ్లూ దాన్ని మరవలేదు."

అతడు నవ్వి పుస్తకాల సంచీ భుజాన వేసుకున్నాడు. గానసభలో వచ్చే ఆదివారం నాటకం ఎన్ని గంటలకో మాత్రం అడిగి వెళ్లాడు.