అరికాలిలో ఆరోగ్యం ఎంత?

పొలం పనుల్లో రోజంతా బురదలో నానిన కాళ్ళను రాత్రిపూట ఎవరైనా కాసేపు ఒత్తితే ప్రాణం లేచివచ్చినట్లుంటుందని రైతు కుటుంబంలో పుట్టినవాళ్ళకు వేరే చెప్పనక్కరలేదు. అరికాళ్ళకు ఆముదం రాసి మర్దనా చేస్తే నిద్ర బాగా పడుతుందని మా నాయనమ్మ నమ్మకం. ఇదంతా ఇంటి వైద్యం. అయితే ఈ మధ్య ఇదే సంగతి రంగురంగుల పటంగా మారి దుకాణాల్లో వేలాడుతోంది. అరికాలి మీద ఇక్కడ గుండె, ఇక్కడ కాలేయం, ఇక్కడ మూత్రపిండం అని గుర్తులు పెట్టి, ఆ చోట నొక్కితే ఆ అవయవానికి వచ్చిన రోగం పోతుందంటారు. సైన్సు విద్యార్థులమైన మనం ఇందులో నిజమెంతో, నమ్మకమెంతో విడదీసి చూడాలి కదా!

మొదట తెలుసుకోవలసింది, ఇవి రెండు వేర్వేరు విద్యలని. ఆక్యుపంక్చర్ చైనా వారిది. సుమారు రెండు వేల ఏళ్ళ నాటి 'హువాంగ్ డి నెయ్‌జింగ్' అనే గ్రంథంలో దాని సిద్ధాంతం ఉంది. శరీరంలో 'చీ' అనే ప్రాణశక్తి కొన్ని మార్గాల్లో ప్రవహిస్తుందనీ, దానికి అడ్డు వస్తే రోగమనీ, తగిన బిందువు దగ్గర సన్నని సూది గుచ్చితే ఆ అడ్డు తొలగుతుందనీ వారి భావన. సూదికి బదులు వేలితో ఒత్తితే అది ఆక్యుప్రెషర్. ప్రధాన మార్గాలు 14, వాటి మీద బిందువులు 361. వీటిలో కొన్ని పాదాల మీద ఉన్నాయి. వేళ్ళు ముడిస్తే అరికాలి ముందు భాగంలో గుంటపడే చోటు 'యుంగ్‌చ్వాన్', అనగా ఉబికే ఊట. నిద్ర పట్టనప్పుడు దీన్ని ఒత్తుతారు. బొటనవేలికీ పక్కవేలికీ నడుమ పాదం పైన ఉన్నది 'తాయ్‌చుంగ్'. దీన్ని తలనొప్పికి వాడతారు.

మన సుశ్రుత సంహిత చెప్పిన 107 మర్మాలలో 'క్షిప్రం' కూడా దాదాపు ఆ చోటే. అయితే సుశ్రుతుడు దాన్ని నొక్కమనలేదు. అక్కడ గాయం తగిలితే ప్రాణాపాయమని హెచ్చరించాడు.

ఇక అవయవాలన్నీ అరికాలి మీద గీసిన పటం చైనాది కానేకాదు, అమెరికాది! ఫిట్జ్‌జెరాల్డ్ అనే చెవి-ముక్కు-గొంతు వైద్యుడు శరీరాన్ని నిలువుగా పది మండలాలుగా విభజించి 1917లో ఒక పుస్తకం వెలువరించాడు. దాన్ని ఆధారం చేసుకుని యూనిస్ ఇంగ్‌హామ్ అనే ఆమె 1930లలో పాదాల మీద అవయవాల స్థానాలు గుర్తించింది. అదే నేటి రిఫ్లెక్సాలజీ. అంటే 'ప్రాచీన చైనా రహస్యం' అంటూ అమ్మే పటానికి వయసు నూరేళ్ళు కూడా లేదు.

ఆ పటం నిజమేనా? అరికాలి నరాలు వెన్నుపాము అడుగుభాగానికి చేరతాయి. మూత్రపిండం నరాలు అంతకంటే పైన కలుస్తాయి. రెండూ వేర్వేరు తూముల కింది పొలాలు. ఒకదానికి నీళ్ళు వదిలితే రెండోది తడవదు. గుండెనొప్పి ఎడమచేతికి పాకుతుందంటే, ఆ రెండింటి నరాలు వెన్నుపాములో ఒకే చోట కలుస్తాయి గనుక. అరికాలికీ మూత్రపిండానికీ అటువంటి లంకె లేదు.

మరి ఒత్తితే హాయిగా ఎందుకుంటుంది? దెబ్బ తగిలిన చోట మనం వెంటనే చేత్తో రుద్దుకుంటాం. స్పర్శను మోసే లావు నరతంతువులు పనిచేసినప్పుడు, నొప్పిని మోసే సన్నని తంతువుల కబురుకు వెన్నుపాములోనే తలుపు కొంత మూసుకుంటుందని మెల్జాక్, వాల్ అనే శాస్త్రజ్ఞులు 1965లో ప్రతిపాదించారు. 1975లో మెదడు తానే తయారుచేసుకునే నొప్పినివారక పదార్థాలు బయటపడ్డాయి. వాటిని అడ్డుకునే నలోక్సోన్ మందు ఇస్తే సూదుల వల్ల కలిగే ఉపశమనం తగ్గిందని 1977లో ఒక ప్రయోగం చూపింది. కాబట్టి ఉపశమనం వట్టి భ్రమ అనడానికి వీల్లేదు.

కాని బిందువు సంగతి వేరు. 2007లో జర్మనీలో 1,162 మంది నడుంనొప్పి రోగులపై జరిగిన పరీక్ష ఫలితాలు వచ్చాయి. శాస్త్రప్రకారం సూదులు గుచ్చినవారిలో 47.6 శాతం మందికి, బిందువులు కాని చోట పైపైన గుచ్చినవారిలో 44.2 శాతం మందికి, మామూలు చికిత్స పొందినవారిలో 27.4 శాతం మందికి గుణం కనిపించింది. సూది మేలు చేసింది. ఎక్కడ గుచ్చారన్నది పెద్ద తేడా చూపలేదు.

1971లో చైనా వెళ్ళిన అమెరికన్ పత్రికా రచయిత జేమ్స్ రెస్టన్ కథ చాలామందికి సగమే తెలుసు. ఆయన అపెండిక్స్‌ను మామూలు మత్తుమందు ఇచ్చి కత్తితోనే తీశారు. తర్వాత వచ్చిన కడుపుబ్బరానికే సూదులు వాడారు. వైద్యుడు ఆ తేడా తెలిసినవాడు. తెలియనివాడి చేతిలో పడితే ఏమవుతుందో మా ఇంట్లోనే చూశాం. మా పెదనాన్నకు పదేళ్ళుగా చక్కెరవ్యాధి. అరికాళ్ళకు స్పర్శ తగ్గింది. రోజూ పావుగంట ముళ్ళపలక మీద నిలబడితే మందులు మానెయ్యవచ్చని చెప్పి ఒక దుకాణదారు ఆయనకు పలక అమ్మాడు. తిమ్మిరెక్కిన కాలికి ముల్లు దిగినా తెలియలేదు. పుండుపడి, చీముపట్టి చివరకు ఒక వేలు తీసెయ్యవలసి వచ్చింది. ఆ యేడు దాళ్వా చేను కౌలుకిచ్చేశాం.

కనుక అలసటకూ, మామూలు తలనొప్పికీ, నిద్రపట్టకపోవడానికీ బొటనవేలితో ఒకటి రెండు నిమిషాలు ఒత్తి చూడండి, తప్పులేదు. పుండు మీద, వాచిన కాలి మీద, స్పర్శ లేని పాదం మీద వద్దు. గర్భిణులు వైద్యుణ్ణి అడగనిదే చేయించుకోరాదు. సూదులైతే ప్రతిసారీ కొత్తవే కావాలి. లేకపోతే కామెర్లు తెచ్చే వైరస్ ఒకరి నుంచి ఒకరికి పాకుతుంది. గుండెనొప్పికీ, జ్వరానికీ, చక్కెరకూ ఇది మందు కాదు.

మిత్రులారా, సెలవులకు ఇళ్ళకు వెళ్ళినప్పుడు పెద్దవాళ్ళ కాళ్ళు ఒత్తండి. చక్కెర ఉన్నవాళ్ళయితే ముందు వెలుతురులో ఆ అరికాళ్ళను, వేళ్ళ సందులను జాగ్రత్తగా చూడండి. చిన్న పుండు కనిపించినా, స్పర్శ తగ్గినట్లున్నా మర్నాడే ఆసుపత్రికి తీసుకువెళ్ళండి.