నడిచేవాళ్ల సెకన్లు

అమీర్‌పేటలో రోడ్డు దాటడం నాకు ఇరవై ఏళ్ల అలవాటు. మోకాలు మొరాయించిన తర్వాతగాని ఆ రోడ్డు వెడల్పెంతో నాకు తెలిసిరాలేదు.

ఇది లెక్కల వ్యవహారం. సిగ్నళ్లకు కాలం నిర్ణయించేటప్పుడు మనిషి సెకనుకు 1.2 మీటర్లు నడుస్తాడని సాధారణంగా లెక్కగడతారు. 24 మీటర్ల రోడ్డయితే 20 సెకన్లు చాలునన్నమాట. మరి మోకాళ్లరిగిన ముసలామె, చంకన బిడ్డ ఉన్న కూలిమనిషి? ఆమె సెకనుకు 0.8 మీటర్లు నడిచిందనుకోండి, ఆ 20 సెకన్లలో 16 మీటర్లే దాటుతుంది. మిగిలిన 8 మీటర్లూ కదిలే బండ్ల మధ్యనే. ఆమెకు ఇంకో పది సెకన్లు కావాలంటే అవి బండ్లకిచ్చిన కాలంలోంచే రావాలి. కాబట్టి సిగ్నల్ దీపం ఎవరి పక్షమూ వహించని యంత్రమని నేననుకోను. ఎవరి కాలానికి విలువ ఉందో ముందే తేల్చి ఆ స్తంభానికి తగిలించారు.

మొన్నొక ఉదయం రోడ్లూడ్చే పని ముగించుకుని వస్తున్న ఒకామె నా పక్కన ఆగింది. "మీరు పోతే నేనొస్త సారూ. ఒక్కదాన్ని జూస్తె ఎవడాగుతడు?" అంది. ఇంజనీర్ల సూత్రం కన్నా ఆమె సూత్రమే నిజం. నగరంలో నడిచేవాళ్లు గుంపయ్యేదాకా నిలబడతారు, తర్వాత చేతులు చాపి దిగుతారు.

పేవ్‌మెంటు సంగతీ ఇంతే. అడ్డంకి లేని వెడల్పు కనీసం 1.8 మీటర్లుండాలని ఇండియన్ రోడ్స్ కాంగ్రెస్ 2012 మార్గదర్శకాలు చెబుతాయి. అడ్డంకి అనగానే మన మధ్యతరగతి వేలు తోపుడుబండి మీదికే పోతుంది (నా వేలూ పోయేది, దాచుకోవడం దేనికి). ట్రాన్స్‌ఫార్మరూ, ముందుకు జరిగిన దుకాణం మెట్లూ, వరసగా నిలిపిన మోటారు సైకిళ్లూ కంటికి ఆనవు. వీధి వర్తకులకు 2014లో చట్టం వచ్చింది. పేవ్‌మెంటు మీద నడవడం 21వ అధికరణం కిందికి వచ్చే హక్కేనని 2025 మేలో సుప్రీంకోర్టు అంది. ఈ రెండు హక్కులకూ తగవుపెట్టి, బండి నిలిపినవాడు మాత్రం తప్పుకుంటున్నాడు. తోపుడుబండి దగ్గర అరటిపళ్లు కొనేది నడిచేవాళ్లే గదా!

నిన్న సాయంత్రం అదే చోట మేం ఏడుగురం అయ్యేదాకా ఆగాం. నా మోకాలి వేగంతోనే అందరూ నడిచారు. ఒక కారువాడు హారన్ మోగిస్తూనే ఉన్నాడు.