గడువు లేని విరహము

మన ఆలంకారికులు విప్రలంభ శృంగారమును విభజించునపుడు ప్రవాసమునకు ప్రత్యేకస్థానము నిచ్చిరి. కాని కావ్యములలోని ప్రవాసములకు సాధారణముగా ఒక గడువు గలదు. కాళిదాసుని యక్షునకు శాపము ఒక్క సంవత్సరము; మన స్త్రీల పాటలలో నిదురించు ఊర్మిళకు పదునాలుగేండ్లు. మిగిలిన మాసములు ఎన్నియో గడపలో పువ్వులుంచి లెక్కించుకొనుటకైనను యక్షపత్నికి వీలు కలిగినది. ఆధునిక యుద్ధము యువతీయువకులకు తెచ్చిపెట్టిన వియోగమునందు ఈ లెక్కకే తావు లేదు. 1914 ఆగస్టులో ఐరోపా మహాసంగ్రామమున అడుగుపెట్టినపుడు, క్రిస్మసు నాటికి అంతయు ముగియునని ఇంగ్లీషువారిలో అనేకులు నమ్మిరి. అది నాలుగేండ్ల మూడు మాసములు సాగెను.

ఆ వియోగమును అనుభవించి వ్రాసినవారిలో వెరా బ్రిటన్ ముఖ్యురాలు. ఆమె బక్స్‌టన్ పట్టణమున పెరిగిన కాగితపుమిల్లు యజమాని కూతురు. ఆడపిల్లకు విశ్వవిద్యాలయమేల యని తలచు ఇంటిలో పోరి పోరి, 1914లో ఆక్స్‌ఫర్డులోని సోమర్‌విల్ కళాశాలలో చేరెను. తమ్ముడు ఎడ్వర్డుతో అప్పింగ్‌హామ్ పాఠశాలలో చదివిన రోలండ్ లేటన్, బహుమతులు అనేకము గెలుచుకొన్న మేధావి, కవి, అదే యేడు ఆక్స్‌ఫర్డునకు రావలసినవాడు. అతడు రాలేదు, సైన్యమున చేరి 1915 వసంతమున ఫ్రాన్సునకు పోయెను. ఒకరినొకరు ప్రేమించిన వెరా, రోలండులు ఏకాంతముగా మాటలాడుకొన్న గంటలు బహుస్వల్పములు, ఏలయన పెండ్లికాని పిల్ల పరపురుషునితో నాటకము చూడవలెనన్నను వెంట పిన్నమ్మయో అత్తయో ఉండవలసినదే. ఈ విషయమున మన పల్లెల పెద్దలకును నాటి ఆంగ్ల మధ్యతరగతి పెద్దలకును భేదమంతగా లేదు.

కావున ఆ ప్రేమ పెరిగినది ఉత్తరములలోనే. లండనులోని రీజెంట్స్ పార్కులో చెక్కలతో కట్టిన బ్రహ్మాండమైన తపాలాశాలనుండి, యుద్ధము ముమ్మరించిన దినములలో, వారమునకు కోటీ 20 లక్షల ఉత్తరములు వెడలుచుండెను. ఇంగ్లండులో వేసిన జాబు రెండు మూడు దినములలో కందకమునందున్న సైనికుని చేతికి అందెడిది. మామూలు సిపాయి వ్రాసినదానిని అతని పై అధికారియే చదివి పంపవలెను గనుక, ప్రేయసికి వ్రాసిన ముద్దుమాటలు ముందుగా ఒక పసి లెఫ్టినెంటు కంటబడుచుండెను. అప్పుడప్పుడు దయచేయు ఆకుపచ్చ కవరులో పెట్టిన జాబునకు మాత్రము ఆ బాధ లేదు. అధికారుల జాబుల విషయమున వారి మాటమీదనే నమ్మకముంచెడివారు. వీటన్నిటికంటె విచిత్రమైనది యుద్ధరంగపు అచ్చుకార్డు. కుశలముగా ఉన్నాననియు, ఆసుపత్రిలో చేరితిననియు, జాబు అందినదనియు, చాలకాలముగా జాబు లేదనియు వాక్యములన్నియు ముందే అచ్చువేసి యుండును. పనికిరానివి కొట్టివేసి, క్రింద చేవ్రాలును తేదీయు మాత్రము వేయవలెను. ఇంకొక్క మాట చేర్చినచో కార్డునే నాశనము చేయుదురు. ఉభయకుశలోపరి యని మొదలుపెట్టి నాలుగు పుటలు నింపుటకు ఒకప్పుడు అలవాటుపడిన మనకు ఆ కార్డు క్రూరముగా తోచును గాని, పెద్ద దాడి జరిగిన మరునాడు ఆ ఒక్క చేవ్రాలుకొఱకు ఎన్ని ఇండ్లు తపాలావాని అడుగుల చప్పుడు వినుచు కూర్చున్నవో తలచుకొనవలెను. చేవ్రాలు నిజమే, అయితే అది రెండు దినములనాటి నిజము.

రోలండ్ వ్రాయుటలో పిసినారి కాడు. ప్లూగ్‌స్టీర్ట్ అడవిలో, శవములు పడియున్న చోటికి దాపున పూసిన వయొలెట్ పూలను కోసి ఆమెకు పంపెను. ఆగస్టులో సెలవుమీద వచ్చినపుడు వివాహనిశ్చయము చేసికొనిరి. కాని శరదృతువు వచ్చుసరికి అతని జాబులు చల్లబడెను. తాను వేరే ప్రపంచమునకు చెందిన అడవిమనిషినైతినన్నట్లు వ్రాయసాగెను. ఆమె నొచ్చుకొని నిష్ఠురముగా జవాబిచ్చెను. ఎదురెదురుగా ఉన్నవారు మాటమీద మాట వచ్చినను ముఖము చూచి సర్దుకొందురు; ఇచ్చట కోపము వెళ్లుచుండగా పశ్చాత్తాపము ఎదురు వచ్చుచుండును, మధ్యదారిలో రెండును ఒకదానినొకటి గుర్తింపక దాటిపోవును.

అప్పటికి ఆమె చదువు మానుకొని లండనులోని కాంబర్‌వెల్ సైనిక వైద్యశాలలో స్వచ్ఛంద నర్సుగా పనిచేయుచుండెను. క్రిస్మసునకు అతనికి సెలవు దొరకినది. ఆమెయు సెలవు తీసికొని సముద్రతీరమందలి బ్రైటన్ పట్టణపు హోటలులో ఎదురుచూచెను. పండుగ గడచినను కబురు లేదు. క్రిస్మసు రద్దీలో తంతి ఆలస్యమైనదేమో యనుకొనెను. తుదకు ఒక ఉదయము ముస్తాబై యుండగా టెలిఫోను వచ్చినదనిరి. అతడే యని పరుగెత్తినది. ఆవలివైపునున్నది అతని ఇంటివారు. 22వ తేదీ వెన్నెలరాత్రి ముళ్లతీగల కంచెను పరిశీలింపబోయిన రోలండునకు కడుపున గుండు తగిలి, మరునాటి రాత్రి లూవాన్‌కూర్ వైద్యశిబిరమున ప్రాణము పోయినది. అతని వయస్సు ఇరువది. ఆ నడుమ దినములలో ఆమె చేసిన నిరీక్షణకు ఏ అలంకారశాస్త్రమందును పేరు లేదు. అది ప్రవాసవిప్రలంభమని ఆమె అనుకొన్నది, అప్పటికే అది కరుణరసమైపోయినది.

ఆ కబురు ఆమెకు ప్రభుత్వము పంపలేదు. అధికారి మరణించినచో తంతియు, సామాన్య సైనికుడు మరణించినచో తపాలాలో అచ్చు ఫారమును పోవునది సమీపబంధువులకే. నిశ్చితార్థమైన పిల్ల రికార్డులలో ఎవరును కాదు. సమాధి శిలపై చెక్కించుటకు 66 అక్షరములకు మించని వాక్యమును ఎన్నుకొను హక్కును సమీపబంధువులదే. వెరాకు మిగిలినవి ప్రశ్నలు. అతడు కడపటి గంటలలో తనను తలచెనా యని కనుగొనుటకు అతని తోటివారికి జాబులు వ్రాసెను. తనకొఱకు ఏ మాటయు విడువలేదని తెలిసెను. ఎవరికిని చెప్పక అతడు కాథలిక్ మతము పుచ్చుకొనెననియు చనిపోయిన పిదపనే తెలిసినది. జనవరిలో అతని సామానులు ఇల్లు చేరినపుడు ఆమె అచ్చటనే యుండెను. గుండు చీల్చిన కోటు, నలిగిన టోపీ, ఫ్రాన్సు బురద; ఆ దుర్గంధమును భరింపలేక తల్లి వాటిని కంటికి కనబడనీయవలదని బ్రతిమాలినది.

తరువాతిది త్వరగా చెప్పుటయే మేలు. 1917 ఏప్రిలులో ఎడ్వర్డు మిత్రులిద్దరిలో జెఫ్రీ మరణించెను, విక్టర్ చూపు కోల్పోయెను. అతనిని పెండ్లాడి జీవితాంతము సేవింపదలచి ఆమె, అప్పుడు నర్సుగా పనిచేయుచున్న మాల్టానుండి తిరిగివచ్చెను గాని జూనులో అతడును పోయెను. 1918 జూన్ 15న ఇటలీలోని ఆసియాగో పీఠభూమిపై తమ్ముడు ఎడ్వర్డ్ నేలకొరిగెను.

యుద్ధానంతరము పత్రికలు మిగులు స్త్రీలు అని ఒక మొరటు మాటను ప్రచారములోనికి తెచ్చినవి. 1921 జనాభాలెక్కల ప్రకారము ఇంగ్లండు, వేల్సులలో పురుషులకంటె స్త్రీలు దాదాపు 17 లక్షలు ఎక్కువ. యుద్ధమునకు ముందే ఆ తేడా పదిలక్షలు దాటియున్నదని ఎవరును జ్ఞాపకము చేసికొనలేదు. ఆ మాట పడినవారిలో ఎందఱో రికార్డుకెక్కని వితంతువులు. 1933లో వెరా తన కథను టెస్టమెంట్ ఆఫ్ యూత్ అను పేరుతో ఆరువందల పుటలకు పైబడిన గ్రంథముగా వెలువరించినపుడు వారందఱును అందు తమ్మును తాము చూచుకొనిరి. అప్పటికి ఆమె వివాహిత, ఇద్దరు బిడ్డల తల్లి. 1917లో ఫ్రాన్సులోని ఎటాపుల్‌లో గాయపడిన జర్మను ఖైదీలకు సేవచేసినప్పటినుండి, శత్రువు అను మాటపై ఆమెకు నమ్మకము సడలెను. 1944లో, బాంబులతో జర్మను నగరములను తుడిచిపెట్టుట పాపమని ఒక పుస్తకము వ్రాసి, ఇటు స్వదేశమునను అటు అమెరికాలోను కావలసినన్ని తిట్లు తినెను.