చలనచిత్రములో కెథీడ్రల్ వాస్తుశిల్పము: ‘ఎ కాంటర్‌బరీ టేల్’ పరిశీలన

కెథీడ్రల్ అనగా పెద్ద దేవాలయమని మన సంఘములలో అనేకులు తలంచుచున్నారు. నిజమునకు ‘కతెద్రా’ అనగా ఆసనము. బిషప్పుగారి ఆసనమున్నది చిన్న మందిరమైనను కెథీడ్రలే. అట్టి కట్టడమును చలనచిత్రము ఎంతవరకు చూపగలదు? ఈ ప్రశ్నను మేము 1944లో విడుదలైన ‘ఎ కాంటర్‌బరీ టేల్’ ఆధారముగా పరిశీలించుచున్నాము.

దీనిని మైకేల్ పవెల్, ఎమెరిక్ ప్రెస్‌బర్గర్ కలిసి తీసిరి. పవెల్ కాంటర్‌బరీ సమీపమున పుట్టి, కెథీడ్రల్ ఆవరణములోని కింగ్స్ స్కూలులో చదివినవాడు. అయినను లోపల చిత్రీకరణ వీలుపడలేదు. యుద్ధకాలమగుటచేత రంగుటద్దములను తీసి భద్రపరచిరి, కిటికీలకు పలకలు కొట్టిరి. అందుచేత ఆల్ఫ్రెడ్ యుంగె డెన్‌హామ్ స్టూడియోలో లోపలి భాగమును సెట్టుగా నిర్మించెను. 14వ శతాబ్దము చివర రాతితో లేపుట ఆరంభించిన ఎత్తయిన స్తంభములు అక్కడ నటనకై నిలిచినవి. మొదటిసారి చూచినప్పుడు మేమును దానిని అసలు రాయియే అనుకొంటిమి.

అట్లయిన ఈ చిత్రము మోసమా? కాదని మా అభిప్రాయము. వెలుపలి దృశ్యములు నిజమైనవి. 1942 జూన్ 1న జర్మన్ విమానములు ఆ పట్టణముపై బాంబులు కురిపించినవి. కెథీడ్రల్ నిలిచెను, చుట్టునున్న వీధులు నేలమట్టమైనవి. అలిసన్ అను యువతి ఆ శిథిలముల మధ్య నడుచుచు దారి తెలియక తికమకపడును. ఇప్పుడు కెథీడ్రల్ చక్కగా కనబడుచున్నదని దారినపోవు ఒక స్త్రీ ఆమెతో అనును. ఇండ్లు కూలినందుననే గోపురము కనబడుచున్నది! కట్టడపు సౌందర్యమును పొగడు ఏ వ్యాఖ్యానములోను ఇంత బాధను మేము వినలేదు.

పీటర్ గిబ్స్ అను సైనికుడు చర్చి ఆర్గన్ నేర్చి, బ్రతుకుతెరువుకై సినిమాహాలులో వాయించినవాడు. యుద్ధమునకు వెళ్లు దళముల ఆరాధనలో అతడు కెథీడ్రల్ ఆర్గన్ ముందు కూర్చుండును. స్తంభములు, కమానులు అప్పుడే అర్థవంతములగుచున్నవి, ఏలయనగా వాటి క్రింద మనుష్యులు కూడియున్నారు. ఖాళీ మందిరమును చుట్టిచూపు పర్యాటక చిత్రములలో ఈ సంగతి లోపించును.

చూపలేనివియు కలవు. ఇది నలుపు తెలుపు చిత్రము గనుక అద్దములు ఉన్నను వాటి రంగు దక్కెడిది కాదు. మన మెదక్ దేవాలయపు కిటికీలను చూచినవారికి ఈ నష్టమెంతో తెలియును. పగటి వెలుగులో లోపల నిలిచినవారికే అవి వెలుగును. వెలుపలి నుండి నల్లని పలకలవలె ఉండును.

సంఘచరిత్ర తరగతిలో దీనిని చూపదలచు అధ్యాపకులు లోపలిది సెట్టని ముందుగా చెప్పవలెను. సమయము చాలనియెడల కాంటర్‌బరీ చేరిన తరువాతి భాగము మాత్రమే చూపవచ్చును.