బాబాయికి ఒక గ్లాసు వగరు

మా బాబాయి మందు మానేసి రెండేళ్లయింది. మానేయడం ఎంత కష్టమో అందరూ చెప్తారు. మానేసిన మనిషి చేతిలో ఏ గ్లాసు పెట్టాలో మాత్రం మా ఇంట్లో ఎవరికీ తెలియదు.

మొన్న దసరాకి అందరం ఊళ్లో కలిశాం. రాత్రి మేడ మీద పెద్దవాళ్లంతా గాజు గ్లాసులతో కూర్చున్నారు. బాబాయికి మాత్రం మా చిన్న తమ్ముళ్లకి ఇచ్చినట్టే కాగితం కప్పులో ఆరెంజ్ కూల్‌డ్రింక్ ఇచ్చారు. రెండు గుక్కల్లో అయిపోయింది. తర్వాత చేతులు ఖాళీ. ఎవరో "ఒక్క పెగ్గుకి ఏం కాదులేరా" అన్నారు. బాబాయి నవ్వి ఊరుకున్నాడు. కాసేపటికి కిందికి దిగి కారులో కూర్చుని ఫోన్ చూసుకుంటున్నాడు. భోజనం ప్లేటు తీసుకెళ్లింది నేనే కాబట్టి నాకు తెలుసు, ఆ ఫోన్‌లో ఏమీ లేదు, స్క్రీన్ ఆఫ్ అయ్యే ఉంది.

అప్పుడు వచ్చింది ఈ ఆలోచన. ఆల్కహాల్ లేని వైన్ లాంటిది ఇంట్లోనే చేస్తే? అమ్మతో అంటే "వైన్ ఏంటే ఇంట్లో!" అని మొదటి మాటకే ఆగిపోయింది, "లేని" అన్నది వినలేదు.

ముందే ఒక మాట ఒప్పుకోవాలి. నాకు పంతొమ్మిదేళ్లు, నేను వైన్ తాగి చూడలేదు. కాబట్టి కింద చెప్పేది అచ్చం వైన్‌లా ఉంటుందని గ్యారంటీ ఇవ్వను. వైన్‌లో ఏమేం ఉంటాయో చదివి, ఒక్కొక్క దానికి మన వంటింట్లో ఏముందో వెతికాను, అంతే. (తెలుగులో తప్పులుంటే ఎడిటర్ అక్క దిద్దేసింది. ఇంకా మిగిలితే అవి కూడా అక్కవే.)

మొదట షార్ట్‌కట్‌లు చూశాను. షాపులో దొరికే ఆల్కహాల్ తీసేసిన వైన్ ఒకటి. దాన్ని మామూలు వైన్‌లాగే పులియబెట్టి, తర్వాత అందులోంచి ఆల్కహాల్ లాగేస్తారు. ఆల్కహాల్ 78 డిగ్రీల దగ్గర మరుగుతుంది. అంత వేడి చేస్తే వైన్ రుచి పాడవుతుంది కదా, అందుకని గాలి ఒత్తిడి తగ్గించి చాలా తక్కువ వేడిలోనే ఆవిరి చేస్తారు. లేదా మన ఇంట్లో వాటర్ ప్యూరిఫైయర్‌లో ఉండే రివర్స్ ఆస్మాసిస్ పద్ధతే వాడతారు. ఇంజినీరింగ్‌గా చూస్తే బాగుంది. కానీ ఇలాంటి సీసాల్లో చాలా వాటిలో 0.5 శాతం దాకా ఆల్కహాల్ మిగిలే ఉంటుంది. చాలామందికి అది లెక్కలోకి రాదు. బాబాయికి వస్తుంది.

రెండోది మా క్లాస్‌మేట్ ఇచ్చిన సలహా: "మామూలు వైన్ కొని మరిగించెయ్, ఆల్కహాల్ ఎగిరిపోతుంది." ఎగిరిపోదు. వంటలో కలిపి పావుగంట ఉడికించాక కూడా సుమారు 40 శాతం ఆల్కహాల్ మిగులుతుందని అమెరికా వ్యవసాయ శాఖ పట్టికల్లో ఉంది. ఇది మీ ఇంట్లో ఎవరి మీదా ప్రయోగం చేయకండి.

మూడోది నెట్‌లో ఎక్కువమంది చెప్పేది. ద్రాక్ష రసం, సోడా, పైన పుదీనా ఆకు. అది చేశాను. బాగుంది, కానీ అదీ కూల్‌డ్రింకే. రెండు గుక్కల్లో అయిపోయింది. అసలు సమస్య అక్కడే ఉందని అప్పుడు అర్థమైంది. తియ్యగా ఉన్నది గటగటా దిగిపోతుంది. పెద్దవాళ్ల గ్లాసు గంటసేపు చేతిలో ఉంటుంది. అంటే మనకి కావలసింది మెల్లగా తప్ప తాగలేని డ్రింక్.

ఇక్కడ నేను చేసిన ఒకే ఒక్క తెలివైన పని, చేసే ముందు బాబాయికి ఫోన్ చేసి అడగడం. మందు మానేసినవాళ్లలో కొందరికి ఆ వాసన, ఆ రంగు, ఆ గ్లాసు కనిపిస్తే చాలు, పాత కోరిక లేస్తుంది. సర్‌ప్రైజ్ ఇద్దామనుకునే విషయం కాదిది. బాబాయి కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "వైన్ వాసన మాత్రం రాకూడదు తల్లీ. ఆ పొడుగు కాడ గ్లాసు కూడా వద్దు. చిన్నపిల్లల డ్రింక్‌లా ఉండకపోతే చాలు" అన్నాడు. ప్రాజెక్టులకి రిక్వైర్‌మెంట్స్ ఇంత క్లియర్‌గా ఎవరూ చెప్పరు.

సరే, మెల్లగా తాగించేది ఏమిటి? మొదటిది వగరు.

ఉగాది పచ్చడి వల్ల మనందరికీ ఈ మాట తెలుసు, ఆరు రుచుల్లో ఒకటి. ఇంగ్లీషులో దీనికి రోజూ వాడే మాట లేదు. ఆస్ట్రింజెంట్ అని ఒకటుంది గానీ, నేను దాన్ని మొదట చదివింది మొహానికి రాసుకునే లోషన్ సీసా మీద. నిజానికి వగరు నాలుకకి తెలిసే రుచి కన్నా నోటికి తెలిసే స్పర్శే ఎక్కువ. నేరేడు పండు, పచ్చి అరటికాయ, వక్క, వీటిలో టానిన్లు ఉంటాయి. అవి మన లాలాజలంలో జారుడుగా ఉండే ప్రోటీన్లను పట్టేసుకుంటాయి. నోరు పొడిబారి గరుకుగా అవుతుంది. ఎర్ర వైన్‌లో ద్రాక్ష తొక్కల నుంచి, గింజల నుంచి వచ్చేవి ఇవే. మన వంటింట్లో టానిన్లకి సులువైన దారి టీ పొడి. పాలు పోస్తే పాలలోని ప్రోటీన్ ఆ టానిన్లను ముందే పట్టేసుకుంటుంది, అందుకే మన ఇంటి టీ అంత వగరుగా ఉండదు. ఇక్కడ పాలు లేని డికాక్షన్ కావాలి.

రెండోది పులుపు. ఇది నాకు అన్నిటికన్నా నచ్చిన సంగతి. ద్రాక్షకి ప్రత్యేకమైన పులుపు టార్టారిక్ ఆమ్లం. వైన్ సీసా అడుగున ఒక్కోసారి గాజు పలుకుల్లాంటి స్ఫటికాలు కనిపిస్తాయి, అవి కూడా దాని లవణమే. ఈ ఆమ్లం బాగా ఎక్కువగా ఉండే పండ్లు కొన్నే. వాటిలో ఒకటి మన చింతపండు! ఫ్రాన్స్ వాళ్ల సీసాలో ఉన్నదీ, మన పప్పుచారులో ఉన్నదీ ఒకటే ఆమ్లం అని తెలిసిన రోజు నేను ఇంట్లో అందరికీ చెప్పాను. నానమ్మ "అయితే చారే పొయ్యి వాడికి" అంది.

మూడోది గొంతులో వెచ్చదనం. ఆల్కహాల్ మంటను పసిగట్టే రిసెప్టరే మిరపకాయ మంటకీ, మిరియాల ఘాటుకీ కూడా స్పందిస్తుంది. కాబట్టి మిరియాలు.

ఇక చేసే పద్ధతి. అరకిలో నల్ల ద్రాక్ష తీసుకోండి. గింజల్లేని తియ్య రకం కాదు, తొక్క మందంగా, గింజలు ఉన్నది. బెంగళూరు బ్లూ దొరికితే మంచిది. ఉప్పు నీళ్లలో కడిగి, మళ్లీ మంచి నీళ్లతో కడిగి, చేత్తో నలపండి. మిక్సీ వద్దు, గింజలు నలిగితే చేదు దిగుతుంది. అర గ్లాసు నీళ్లు, కచ్చాపచ్చాగా దంచిన ఏడు మిరియాలు, చిన్న దాల్చినచెక్క ముక్క వేసి సిమ్‌లో 12 నుంచి 15 నిమిషాలు ఉంచండి. రంగంతా తొక్కలోనే ఉంటుంది, అది మెల్లగా దిగుతుంది. తెర్లనివ్వకండి, జామ్ వాసన వస్తుంది. పలుచటి గుడ్డలో వడకట్టండి. పిప్పిని గట్టిగా పిండకండి, దానంతట అది కారిందే తేటగా ఉంటుంది.

వేరే గిన్నెలో రెండు చెంచాల టీ పొడి మీద రెండు గ్లాసుల వేడి నీళ్లు పోసి, నాలుగు నిమిషాలకి వడకట్టండి. నాలుగంటే నాలుగే. నా మొదటి ప్రయత్నంలో పదిహేను నిమిషాలు మరిగించాను, నాన్న ఒక గుక్క తాగి "జలుబుకా ఇది?" అన్నారు. చిన్న గోళీకాయంత చింతపండు నానబెట్టి, పైన తేట నీళ్లు మాత్రం తీసుకోండి.

కలపడం అన్నీ ఒకేసారి కాదు. రెండు వంతుల ద్రాక్ష రసానికి ఒక వంతు డికాక్షన్‌తో మొదలుపెట్టండి. టీ పడగానే రంగు కాస్త మట్టిగా మారుతుంది, కంగారు పడకండి. చింతపండు నీళ్లు చెంచా చెంచాగా వేస్తుంటే మళ్లీ ఎరుపు తేలుతుంది, ద్రాక్ష రంగు పులుపుని బట్టి మారే రకం. చివర్లో చిటికెడు ఉప్పు. చక్కెర అసలు వద్దు. ఒక్కోసారి ఒక్కటే మార్చి రుచి చూడండి. ఒకేసారి మూడు మారిస్తే బగ్ ఎక్కడుందో తెలీదు. రాత్రంతా ఫ్రిజ్‌లో ఉంచితే మడ్డి అడుగుకి దిగుతుంది, పొద్దున పైన తేట వంచుకోవాలి. నాలుగైదు చిన్న గ్లాసులు వస్తాయి. చక్కెర వేయకపోయినా ద్రాక్ష చక్కెర ఉంటుంది, 100 మిల్లీలీటర్ల రసంలో సుమారు 15 గ్రాములు, కాబట్టి షుగర్ ఉన్నవాళ్లకి ఇది మంచినీళ్లలాంటిది కాదు. టీ ఉంది కనుక త్వరగా నిద్రపోవాలనుకునేవాళ్లకీ కాదు.

దీన్ని బయట పెట్టొద్దు. రెండో ప్రయత్నంలో నేను సీసా వంటింటి గట్టు మీద మరిచిపోయాను. రెండు రోజులకి మూత తిప్పితే టప్‌మని శబ్దం, నురగ. ఈస్ట్ ఎక్కడినుంచో చేరి చక్కెర తినడం మొదలుపెట్టింది. అలా వచ్చే గ్యాస్‌తో పాటే ఆల్కహాల్ కూడా వస్తుంది. ఎవరి కోసం చేస్తున్నానో తలుచుకుంటే భయమేసింది. మొత్తం సింకులో పోసేశాను. ఇదే సమస్యకి 1869లో అమెరికాలోని న్యూజెర్సీలో థామస్ వెల్చ్ అనే డెంటిస్టు జవాబు కనిపెట్టాడు. చర్చిలో వైన్ బదులు పులియని ద్రాక్ష రసం ఇవ్వాలని ఆయన కోరిక. పాశ్చర్ అప్పటికే చెప్పిన పద్ధతిలో, సీసాల్లో రసం పోసి మూతేసి మరిగే నీళ్లలో ఉంచి ఈస్ట్‌ని చంపేశాడు. ఇంట్లో మనం అంత దూరం వెళ్లక్కర్లేదు. మరిగే నీళ్లతో కడిగిన సీసా, ఫ్రిజ్, మూడు రోజుల్లో పూర్తి చేయడం. మూత తీస్తే గ్యాస్ వచ్చిందంటే పారబోయడమే.

సంక్రాంతికి ఊరెళ్లినప్పుడు ఐస్ పెట్టెలో రెండు సీసాలు తీసుకెళ్లాను. కనుమ రాత్రి అదే మేడ, అదే మనుషులు. అందరికీ ఇచ్చే గాజు గ్లాసులోనే సగం దాకా పోసి బాబాయికి ఇచ్చాను. ముందు వాసన చూశాడు. నేను ఊపిరి బిగబట్టుకుని ఉన్నాను. మిరియాలు, దాల్చినచెక్క తప్ప ఇంకేం లేదనుకుంటా, ఒక గుక్క తాగాడు. మొహం చిట్లించాడు. ఇంకో గుక్క. ఆ గ్లాసు అయ్యేసరికి పెద్దనాన్న క్రికెట్ గురించి మొదలుపెట్టి పొలం కౌలు దాకా వచ్చారు, బాబాయి మధ్యమధ్యలో వాదిస్తూనే ఉన్నాడు. ఏం తాగుతున్నావని ఎవరూ అడగలేదు. పెద్దనాన్న మాత్రం "నాకూ కొంచెం పొయ్యమ్మా అది" అన్నారు.

పదకొండింటికి బాబాయి ఖాళీ గ్లాసు నా వైపు చాపి, "ఇంకొంచెం పొయ్యి. ఈసారి చేస్తే మిరియాలు తగ్గించు తల్లీ, గొంతు మండుతోంది" అన్నాడు. అప్పటిదాకా పది వేసేదాన్ని. ఫోన్‌లో నోట్స్ తెరిచి ఏడు అని మార్చాను.