చప్పుడు విని టైమ్ బాగుచేసే పని

ఎపిసోడ్‌లో ఈ సంగతి హడావుడిగా చెప్పేశాను. "అన్నా, ఆ మిషన్ గురించి కాస్త వివరంగా రాయి" అని చాలామంది తమ్ముళ్లు మెసేజ్ పెట్టారు. అందుకే ఇది.

మనలో చాలామంది పెట్టెలో నాన్నదో తాతదో ఒక హెచ్‌ఎంటీ వాచ్ ఉంటుంది. రోజూ పొద్దున కీ ఇచ్చే రకం. బెంగళూరులో 1961లో జపాన్ సిటిజన్ కంపెనీ సాయంతో మొదలైన వాచీలు అవి. 2016లో ప్రభుత్వం ఆ కంపెనీని మూసేయడానికి నిర్ణయం తీసుకుంది. (ఐటీఐలో మేం పని నేర్చుకున్న లేత్ మీద కూడా అదే పేరు ఉండేది, అది వేరే కథ.) అలాంటి వాచ్ రోజుకు పది నిమిషాలు వెనకబడుతోందని షాపుకు తీసుకెళ్తే, "లోపలి మిషన్ తీసేసి బ్యాటరీ మిషన్ వేద్దాం" అనేవాళ్లు ఉంటారు. వెంటనే ఒప్పుకోకండి. ముందు దాని చప్పుడు వినిపించండి.

మోటారు బేరింగ్ పోయిందో లేదో తెలుసుకోడానికి మనం ఏం చేస్తాం? స్క్రూడ్రైవర్ మొన బాడీకి, పిడి చెవికి ఆనించి వింటాం. వాచ్ మేస్త్రీ చేసేదీ అదే, కాకపోతే ఆయన చెవి ఒక మైకు. వాచ్‌ని చిన్న స్టాండులో బిగిస్తే మైకు చప్పుడు పట్టుకుంటుంది, పక్కన తెర మీద చుక్కలు పడతాయి. దాని పేరు టైమ్‌గ్రాఫర్. 1930లలోనే అమెరికాలో ఇలాంటివి వచ్చాయి, అప్పట్లో చుక్కలు కాగితం మీద పడేవి.

పాత కీ వాచీలు ఎక్కువగా గంటకు 18,000 సార్లు కొట్టుకుంటాయి, అంటే సెకనుకు 5. రోజుకు 30 సెకన్లు వెనకబడే వాచ్‌లో ఒక్కో టిక్కుకు వచ్చే తేడా మిల్లీసెకనులో పదో వంతు కూడా ఉండదు. మన చెవికి అది అందదు. మిషన్‌కు అందుతుంది. చుక్కల గీత పైకి ఎక్కుతుంటే వాచ్ ఫాస్ట్, కిందికి దిగుతుంటే స్లో.

అసలు మజా ఇక్కడుంది. మనకు ఒక్క "టిక్" లాగా వినిపించేది నిజానికి మూడు చప్పుళ్లు. లోపల అటూ ఇటూ ఊగే చక్రం, అంటే బ్యాలెన్స్ వీల్, వచ్చి ఫోర్కును తట్టడం మొదటిది. పళ్ల చక్రం ఆ ఫోర్కును నెట్టడం రెండోది. మళ్లీ తాళం పడటం మూడోది. మొదటి చప్పుడుకూ మూడోదానికీ మధ్య సమయం తక్కువైతే చక్రం జోరుగా ఊగుతోందని అర్థం. ఆ లెక్కతోనే ఊపు ఎన్ని డిగ్రీలో మిషన్ చెప్పేస్తుంది. పడుకోబెట్టిన వాచ్‌కు 270 నుంచి 300 దాకా ఉంటే ఆరోగ్యం బాగున్నట్టు. పూర్తిగా కీ ఇచ్చాక కూడా 200 కంటే తక్కువుంటే లోపల నూనె ఎండిపోయిందనో, మట్టి చేరిందనో అనుకోవాలి. పాత వాచీల్లో ఎక్కువ భాగం జబ్బు ఇదే. విప్పి, కడిగి, కొత్త నూనె వేస్తే లేచి కూర్చుంటాయి. మిషన్ మార్చాల్సిన పనే లేదు.

ఒక గీతకు బదులు పక్కపక్కనే రెండు గీతలు పడితే, టిక్కుకూ టాక్కుకూ మధ్య దూరం సమానంగా లేదని, అంటే వాచ్ కుంటుతోందని. ఇది మరీ ఎక్కువుంటే చెవికే తెలుస్తుంది, ఒకసారి చెవి దగ్గర పెట్టుకుని వినండి. గీత లేకుండా చుక్కలు చెల్లాచెదురుగా పడితే మాత్రం మట్టో, అరిగిన భాగమో, లోపల చూడాల్సిందే.

ఈ దేశంలో వాచ్ టైమ్ మీద ఇంత పట్టింపు రావడానికి ఒక కారణం రైలు ప్రమాదం. 1891 ఏప్రిల్‌లో ఒహాయో రాష్ట్రం కిప్టన్ దగ్గర రెండు రైళ్లు గుద్దుకున్నాయి. డ్రైవర్ వాచ్ నాలుగు నిమిషాలు ఆగి, మళ్లీ తనంతట తానే నడిచిందని చెప్తారు. ఆ తర్వాత క్లీవ్‌లాండ్‌లో నగల వ్యాపారి వెబ్ బాల్‌ను రైల్వే వాచీల తనిఖీకి పెట్టారు. వారానికి 30 సెకన్లకు మించి తేడా రాకూడదని రూలు. అప్పటికి ఈ మిషన్ లేదు, రోజుల తరబడి పెద్ద గడియారంతో పోల్చి చూడాల్సిందే. ఇప్పుడు అర నిమిషంలో తేలిపోతుంది.

న్యూయార్క్ బులోవా కంపెనీ 1960లో ఇంకో అడుగు వేసింది. అక్యూట్రాన్ అనే వాచ్‌లో ఊగే చక్రమే లేదు. సెకనుకు 360 సార్లు అదిరే చిన్న ట్యూనింగ్ ఫోర్కు, దానికో బ్యాటరీ. చెవి దగ్గర పెడితే తుమ్మెదలా జుమ్మంటుంది. చప్పుడే అక్కడ గడియారం. పాత సామాను అమ్మకాల్లో దొరికితే మోజుపడి కొనేముందు ఒక్క మాట: దానికోసం చేసిన మెర్క్యురీ బ్యాటరీలు అమెరికాలో 1996లో నిషేధించారు. ఇప్పటి బ్యాటరీల వోల్టేజీ కాస్త ఎక్కువ, సరిచేయించకపోతే కొన్ని పిచ్చిగా ఫాస్ట్ నడుస్తాయి.

సైటులో పనిచేసేవాళ్లకు ముఖ్యమైనది చెప్తా. బాగా నడిచే వాచ్ ఉన్నట్టుండి రోజుకు నిమిషాలకు నిమిషాలు ముందుకు పోతుంటే, అయస్కాంతం పట్టిందేమో చూడండి. మాగ్నెట్ డ్రిల్లు, వెల్డింగ్ కేబుల్, స్పీకర్, ఏదైనా కావచ్చు. హెయిర్ స్ప్రింగ్ చుట్లు ఒకదానికొకటి అతుక్కుంటాయి, స్ప్రింగ్ పొట్టిదైనట్టు అయి చక్రం తొందరపడుతుంది. వాచ్‌ని మామూలు దిక్సూచి దగ్గర పెట్టి మెల్లగా తిప్పండి, ముల్లు బాగా కదిలితే అనుమానం నిజమే. డీమాగ్నెటైజ్ చేయడం రెండు నిమిషాల పని. దానికి సర్వీసింగ్ డబ్బులు అడిగితే ఇవ్వకండి. ఇక కాంక్రీటు పగలగొట్టే రోజున మాత్రం నాన్న వాచ్ రూములోనే పెట్టి వెళ్లండి.

షాపులో ఏం అడగాలంటే: పని మొదలుపెట్టే ముందు మిషన్ మీద పెట్టి తెర ఫోటో తీయమనండి. పని అయ్యాక మళ్లీ తీయమనండి, పడుకోబెట్టి ఒకటి, కీ ఇచ్చే బొడ్డు కిందికి పెట్టి ఒకటి. రెండు భంగిమల్లో తేడా మరీ ఎక్కువుంటే ఎందుకని అడగండి. ఏదైనా భాగం మార్చితే పాతది కాగితంలో చుట్టి ఇమ్మనండి. ఆ పాత ముక్క కూడా రేపు ఎవరికో పనికొస్తుంది.